చెరువులో కలిసిపోయిన డి-పట్టా

ఆకివీడు, ఉండి, మొగల్తూరు, ఉప్పలగుప్తం, కాట్రేనికోన, గోదావరి డెల్టాలో ఏ మూల భూమి బేరం నడిచినా ముందుగా వచ్చే ప్రశ్న ఒకటే: "జిరాయితీయా, డి-పట్టానా?" జిరాయితీ అంటే పూర్తి హక్కున్న సొంత భూమి; డి-పట్టా అంటే అమ్మకూడదన్న షరతుతో ప్రభుత్వం పేదలకు ఇచ్చిన భూమి. ఒకే బోదె (చిన్న కాలువ) నీళ్లు పారే రెండు పక్కపక్క చేలు. ఒకే మట్టి, ఒకే పంట. అయినా ధరలు రెండు. డి-పట్టా అనగానే కొనేవాడు ధర బాగా దించేస్తాడు. రిజిస్ట్రేషన్ కాదు, రేపు తహసీల్దారు నోటీసు రావచ్చు, ఆ ముప్పంతా నాదే కదా అంటాడు. అలా దిగిన ప్రతి రూపాయీ పట్టా పొందిన పేద కుటుంబానికి రావాల్సిందే.

అందుకే చాలామంది ఒక మాట అంటారు. ఈ అమ్మకం నిషేధం ఎత్తేస్తే పేదవాడికి పూర్తి ధర వస్తుంది కదా, ఇన్నేళ్లూ వాడి చేతులు కట్టేసింది ఈ చట్టమే కదా అని. అనేవాళ్లలో నిజంగా పేదల మేలు కోరేవాళ్లూ ఉన్నారు. కానీ ఆ వాదన ఒక విషయాన్ని దాటేస్తుంది. డెల్టాలో చాలా డి-పట్టా భూములు ఇప్పటికే పట్టాదారు అనుభవంలో లేవు. పది పదిహేనేళ్ల కిందటే నోటరీ కాగితం మీదో కౌలు పేరుతోనో చేతులు మారాయి. భూమి వేరేవాళ్ల చేతిలో ఉండగా అమ్ముకునే హక్కు ఇస్తే, దానివల్ల బాగుపడేది పట్టాదారు కాదు, ఆ కాగితం దాచుకున్నవాడు. ముందు స్వాధీనం తిరిగి రావాలి, అమ్మకం హక్కు గురించి మాట తర్వాత. నేను చెప్పదలచుకున్నది ఇదే.

ముందు చట్టం. జనం పీవోటీ యాక్ట్ అని పిలిచేది 1977 నాటి 9వ నంబరు చట్టం, అసైన్డ్ భూముల బదిలీ నిషేధ చట్టం. భూమిలేని నిరుపేదకు, అమ్మకూడదన్న షరతుతో ప్రభుత్వం ఇచ్చిన సాగు భూమి, ఇళ్ల స్థలం దీని కిందికి వస్తాయి. భూసంస్కరణల్లో మిగులుగా తీసుకుని పంచిన భూమీ వస్తుంది. నిరుపేద అంటే రెండున్నర ఎకరాల మాగాణి, లేదా ఐదెకరాల మెట్ట మించి లేనివాడు. కాలువ కింద ఊళ్లలో లెక్కకు వచ్చేది రెండున్నర ఎకరాలే. చేతికి దక్కింది మాత్రం చాలాచోట్ల ఎకరం లోపు.

మూడో సెక్షన్ మాటలు చాలా గట్టివి. అలాంటి భూమిని బదిలీ చేయకూడదు. చేసినా ఎన్నడూ బదిలీ కానట్టే లెక్క. కొన్నవాడికి ఏ హక్కూ రాదు. సివిల్ కోర్టు డిక్రీ అమలులో వేలం వేసినా ఇదే వర్తిస్తుంది. దీని విలువ తెలిసేది ప్రామిసరీ నోటు దగ్గర. డెల్టాలో డి-పట్టా బేరాల్లో కొనేవాళ్లు అమ్మకం కాగితంతోపాటు భద్రతకని నోటు కూడా రాయించుకుంటారు. రేపు ఎదురు తిరిగితే నోటు మీద దావా వేసి, ఆ డిక్రీతో భూమినే జప్తు చేయించవచ్చని ధీమా. నోటు మీద డిక్రీ రావచ్చు, కానీ దాన్ని అడ్డం పెట్టుకుని అసైన్డ్ భూమిని వేలం వేయడానికి చట్టం ఒప్పుకోదు. ఈ సంగతి తెలియక ఎంతోమంది పట్టాదారులు నోటుకు భయపడి నోరెత్తకుండా ఉండిపోతారు.

బదిలీ అనే మాటకు చట్టం ఇచ్చిన అర్థం ఇంకా ముఖ్యం. అమ్మకం, దానం, మారకం, తాకట్టు, కౌలు అన్నీ అందులో ఉన్నాయి. అంతటితో ఆగలేదు. వాటికి సంబంధించిన ఒప్పందం కూడా బదిలీయే అంది. అంటే "మేం కొనలేదు, అగ్రిమెంటు మాత్రమే రాసుకున్నాం" అన్నా తప్పించుకోలేరు. వదిలింది ఒక్క వీలునామానే. వారసత్వంగా భూమి కుటుంబంలో దిగాలి కాబట్టి అది సమంజసమే. కానీ ఆ సందులోంచే కొందరు ముసలి పట్టాదారు చేత తమ పేరున వీలునామా రాయించుకుంటారు. సొమ్ము ముట్టజెప్పి, స్వాధీనం తీసుకుని, వీలునామా చేతిలో పెట్టుకుంటే అది అమ్మకానికి తొడిగిన ముసుగు. అలాంటి కేసుల్లో వీలునామా తారీకు, స్వాధీనం మారిన తారీకు పక్కపక్కన పెట్టి చూడాలి. రాసినాయన బతికుండగానే అడంగల్లో (ఏ భూమిని ఎవరు సాగు చేస్తున్నారో ఏటా రాసే గ్రామ లెక్కలో) అనుభవదారు మారిపోతే, జరిగిందేమిటో ఆ ఒక్క గడే చెబుతుంది.

తాకట్టు విషయంలో ఒక మినహాయింపు ఉంది. ప్రభుత్వం, సహకార సంఘం, షెడ్యూల్డ్ బ్యాంకు లాంటి సంస్థలకు తాకట్టు పెట్టవచ్చు. సొసైటీలో పంట అప్పుకు డి-పట్టా అడ్డం కాకూడదనే దాన్ని పెట్టారు. షావుకారుకు పెట్టిన తాకట్టు మాత్రం చెల్లదు.

ఇక ఏ భూమి దీని కిందికి రాదో కూడా తెలియాలి. కొన్నవాళ్లు చెప్పుకునే సాకుల్లో కొన్ని నిజమైనవి ఉంటాయి. ఆంధ్ర ప్రాంతంలో అమ్మకూడదన్న షరతు వచ్చింది 1954 జూన్ 18 నాటి జీవో 1142తో. అంతకుముందు ఇచ్చిన పట్టాలకు ఆ షరతు లేదు. పాత పట్టాల మీద సంవత్సరం ఫసలీలో, అంటే రెవెన్యూ లెక్కల సంవత్సరంలో ఉంటుంది. ఫసలీకి 590 కలిపితే ఇంగ్లీషు సంవత్సరం వస్తుంది. ఆ ఏడాది జులై 1న ఫసలీ మొదలవుతుంది. 1395 ఫసలీ అంటే 1985 జులై నుంచి 1986 జూన్ దాకా. 1364, ఆ తర్వాతి ఫసలీలన్నీ షరతు వచ్చాక ఇచ్చినవే. 1363 ఫసలీ పట్టా అయితే రోజుతో సహా చూడాలి, ఎందుకంటే ఆ ఫసలీ చివరి పన్నెండు రోజులు జీవో తర్వాత పడ్డాయి. మార్కెట్ విలువ కట్టించుకుని ఇచ్చిన భూమి కూడా ఇందులోకి రాదు. మాజీ సైనికుల భూములకు వేరే నియమం: పదేళ్ల తర్వాత అమ్ముకోవచ్చు. చట్టం అమల్లోకి వచ్చిన 1977 జనవరి 21కి ముందే, తానూ భూమిలేని పేదే అయినవాడు, అసలు పట్టాదారు దగ్గర సొమ్మిచ్చి సదుద్దేశంతో కొని, ఆ రోజుకి సాగులో ఉంటే, అతనికీ రక్షణ ఉంది. చుక్కల భూములు వేరు. రీసెటిల్‌మెంట్ రిజిస్టరులో పేరు రాయాల్సిన చోట చుక్కలు పెట్టి వదిలేసిన భూములవి. వాటికి 2017లో విడిగా చట్టం వచ్చింది. ఎగువన ఏజెన్సీలో గిరిజన భూముల బదిలీని నియంత్రించే 1/70 చట్టం కూడా వేరు. లంకల్లో కొన్ని భూములు సొసైటీలకు కౌలుకిచ్చినవి. కౌలు కాగితాన్ని పట్టాగా పొరబడితే కేసు మొదట్లోనే ఓడిపోతాం.

అమ్మకం గురించే అందరూ మాట్లాడతారు గానీ, డెల్టాలో డి-పట్టా చేజారేది ఎక్కువగా కౌలు దారిలోనే. అదీ ఆక్వా కౌలు, అంటే చేపలు, రొయ్యల చెరువులకిచ్చే కౌలు. వరి కౌలు అయితే సార్వా, దాళ్వా అయ్యాక చేను చేనులాగే మిగులుతుంది. గట్లు ఉంటాయి, సర్వే రాయి ఉంటుంది, వచ్చే ఏడు నేనే ఊడ్చుకుంటాను అనడానికి వీలుంటుంది. చెరువు అలా కాదు. ఒక్కడి ఎకరంలో చెరువు గిట్టుబాటు కాదు. పక్కపక్కనున్న ఎనిమిది పది డి-పట్టాలను కలిపి ఒకటే చెరువుగా తవ్వుతారు. ముందు లోపలి గట్లు పోతాయి. వాటితోపాటు సర్వే రాళ్లు పోతాయి. తవ్విన మట్టి చుట్టూ పెద్ద గట్టవుతుంది. నీరు పెట్టే తూము ఒకరి భూమిలో పడుతుంది, మురుగు తీసే తూము మరొకరి భూమిలో. మధ్యలో ఉన్నవాడి భూమికి నీళ్ల మీంచి తప్ప దారి ఉండదు. ఉప్పునీటి రొయ్య పెంచితే మట్టికి ఉప్పు పడుతుంది, ఊట దిగి పక్క చేలకూ తగులుతుంది.

మూడేళ్లకో ఐదేళ్లకో అడ్వాన్సు ఒకేసారి ఇస్తారు. పెళ్లికో వైద్యానికో పాత అప్పుకో అది ఖర్చవుతుంది. గడువు తీరాక చెరువు ఖాళీ చేయమంటే, అడ్వాన్సు లెక్క తేల్చమంటారు. ఆ ఇంట్లో అంత డబ్బు ఉండదు. గడువు పొడిగిస్తారు, మళ్లీ కొంత ముట్టజెబుతారు, ఈసారి స్టాంపు కాగితం మీద కౌలు అని కాక "స్వాధీన విక్రయ అగ్రిమెంటు" అని రాస్తారు. భూమి అమ్ముదామని ఆ ఇంట్లో ఎవరూ ఒక్క రోజు కూడా కూర్చుని నిర్ణయించుకోలేదు. అయినా భూమి పోయింది. పీవోటీ చట్టంలో కౌలును కూడా బదిలీగా చేర్చినవాళ్లకు ఈ క్రమం బాగా తెలిసే ఉండాలి. డెల్టా అనుభవం ఆ మాటను పూర్తిగా బలపరుస్తోంది.

ఇప్పుడు నాలుగో సెక్షన్. అక్రమంగా చేతులు మారిందని తేలితే తహసీల్దారు స్థాయికి తగ్గని అధికారి ఆక్రమణదారుని ఖాళీ చేయించి భూమిని స్వాధీనం చేసుకోవచ్చు. తర్వాత ఎవరికి ఇవ్వాలన్నది 2007 సవరణ తిరగరాసింది. 2007 జనవరి 29న గానీ అంతకుముందు గానీ సదుద్దేశంతో సొమ్మిచ్చి కొని, తానూ నిరుపేదే అయి, ఆ భూమిలోనే సాగు చేసుకుంటున్నవాడు ఉంటే అతనికి తిరిగి అసైన్ చేయవచ్చు, అదీ మాగాణి రెండున్నర ఎకరాల పరిమితికి లోబడి. లేదంటే అసలు పట్టాదారుకో వారసులకో తిరిగి ఇవ్వవచ్చు, కానీ వాళ్లు అప్పటికీ భూమిలేని పేదలే అయి ఉండాలి, అదీ ఒక్కసారే. రెండోసారి అమ్మితే ఇక రాదు, వేరే పేదలకో ప్రజావసరానికో పోతుంది. భూమి పట్టాదారు, వారసులు కాని వాళ్ల చేతిలో ఉంటే చాలు, అతిక్రమణ జరిగిందనే చట్టం ముందుగా అనుకుంటుంది. కాదని రుజువు చేసుకోవాల్సింది ఆక్రమణదారే. పేదవాడి వైపు ఇంత బలంగా నిలబడ్డ సెక్షన్లు మన రెవెన్యూ చట్టాల్లో ఎక్కువ లేవు.

శిక్ష కూడా కొన్నవాడికే. ఆరు నెలల దాకా జైలు, లేదా రెండు వేల రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ. 1977లో రెండు వేలు అంటే బరువే. ఇవాళ చెరువులో ఒక రోజు మేత ఖర్చుకు కూడా సరిపోదు. ఆ అంకెను అలాగే వదిలేయడం పెద్ద తప్పు. అయితే పేటల్లో దీన్ని తిరగేసి చెబుతారు: "మీ నాన్న అమ్మాడని అర్జీ పెడితే మీ నాన్ననే లోపలేస్తారు" అని. ఆ సెక్షన్ కొన్నవాడిని గురించి మాట్లాడుతుంది, అమ్ముకున్న పేదను గురించి కాదు.

ఇంత బలమైన చట్టం ఉండి కూడా భూములు ఎందుకు తిరిగి రావడం లేదు? నా ఉద్దేశంలో అసలు చిక్కు చెరువు దగ్గరే. తహసీల్దారు ఒక్క పట్టాదారు అర్జీ మీద ఒక్క సర్వే నంబరుకు ఉత్తర్వు ఇస్తారు. ఆ నంబరు చెరువు మధ్యలో ఉంటుంది. సర్వేయరు వెళ్తే నీళ్లు తప్ప హద్దు కనబడదు. పంచనామా మీద స్వాధీనం ఇచ్చినట్టు రాస్తారు. మర్నాడు ఆ నీళ్లలో గాలి పట్టించే ఏరేటర్లు మామూలుగానే తిరుగుతుంటాయి. కాగితం మీద భూమి తిరిగి వచ్చేసింది కాబట్టి ఒక్కసారి దక్కే అవకాశం కూడా వాడేసినట్టవుతుంది. అందుకే చెరువులో ఉన్న పట్టాదారులందరూ ఒకే అర్జీతో కదలాలి. పదిమంది అర్జీ పెడితే చెరువు మొత్తం ఒకే కేసు అవుతుంది. నీళ్లు తీయించి, ఎఫ్ఎంబీ (సర్వే నంబర్ల కొలతల పటం) ప్రకారం కొలిపించి, రాళ్లు పాతించమని అడగవచ్చు.

అర్జీకి ముందు కాగితాలు సమకూర్చుకోవాలి. డి-పట్టా పోయినా భయం లేదు. తహసీల్దారు కార్యాలయంలో డి-పట్టాల వివరాలు రాసే డీకేటీ రిజిస్టరు ఉంటుంది. పట్టాదారు పేరు, సర్వే నంబరు, విస్తీర్ణం, ఫైలు నంబరు అందులో దొరుకుతాయి. మౌఖికంగా అడిగితే దొరకదంటారు కాబట్టి సమాచార హక్కు చట్టం కింద రాతపూర్వకంగా అడగాలి. రీసెటిల్‌మెంట్ రిజిస్టరులో ఆ నంబరు ఏ వర్గీకరణలో ఉందో చూడాలి. ఏళ్లవారీగా అడంగల్ నకళ్లు తీసుకోవాలి. పట్టాదారు గడిలో పేరు అలాగే ఉండి అనుభవదారు గడిలో పేరు మారిన మొదటి ఏడాదే కేసుకు ఆయువుపట్టు. రీసర్వే అయిన ఊళ్లలో పాత సర్వే నంబరు పోయి ఎల్‌పీఎం (కొత్త భూమి పటం) నంబరు వచ్చి ఉంటుంది. రెండూ అర్జీలో రాయకపోతే ఆ నంబరే లేదంటూ అర్జీ తిరిగి వస్తుంది. వారసులైతే కుటుంబ సభ్యుల ధ్రువపత్రం జత చేయాలి. వారసుల్లో ఎవరికి భూమి పరిమితి దాటిందో, ఎవరు నిజంగా నిరుపేదలో ముందే చూసుకుని, అర్హత ఉన్నవాళ్ల పేరునే పునరుద్ధరణ కోరాలి. ఇది వదిలేస్తే కొన్నవాడి లాయరు మొదట పట్టుకునేది దాన్నే.

అర్జీ మీద తహసీల్దారు ఆక్రమణదారుకు ఫారం-1 నోటీసు ఇస్తారు. వాళ్ల జవాబు విన్నాక ఉత్తర్వు. నచ్చనివాళ్లు ఆర్డీవో దగ్గరికి, అక్కడి నుంచి కలెక్టరు దగ్గరికి అప్పీలు వెళ్లవచ్చు. ఈ మధ్యలోనే ఎక్కువ కేసులు చస్తాయి. పెద్దమనుషులు కూర్చుని కొంత సొమ్ము ఇప్పించి "రాజీ పడ్డాం, మాకు అభ్యంతరం లేదు" అని సంతకం పెట్టిస్తారు. చట్టం ఎదుట ఆ రాజీకి విలువ లేదు, కానీ ఫైలు అక్కడితో మూసేస్తారు. సంతకం పెట్టకండి అని ఊరికే చెప్పడం తేలిక; ఆ సొమ్ము అవసరం ఎలాంటిదో బయటివాళ్లకు తెలియదు. కనీసం కౌలు అడ్వాన్సులో ఎంత మినహాయించారు, ఎంత ఇచ్చారు అనే లెక్క రాయించుకోవాలి.

ఇప్పుడు 2023 సవరణ సంగతి. ఇళ్ల స్థలాలకు 2019లోనే ఇరవై ఏళ్ల తర్వాత అమ్ముకునే వీలు ఇచ్చి, 2021లో దాన్ని పదేళ్లకు తగ్గించారు. 2023లో సాగు భూములకు కూడా ఇరవై ఏళ్లు దాటితే అసలు పట్టాదారుకు, వారసులకు పూర్తి హక్కు అన్నారు. డిసెంబరులో జీవో 596తో విధివిధానాలు వచ్చాయి. 13 లక్షల ఎకరాలకు పైగా ఫ్రీహోల్డ్ అయ్యాయి, అంటే అమ్ముకునే పూర్తి హక్కు వచ్చింది. 2024లో ప్రభుత్వం మారాక పరిశీలిస్తే, అందులో 5 లక్షల ఎకరాలకు పైగా నిబంధనలకు విరుద్ధమని ప్రభుత్వమే చెప్పింది. ఆ ఏడాది ఆగస్టు నుంచి ఆ భూముల రిజిస్ట్రేషన్లు ఆపి, ఆ గడువును పొడిగిస్తూ వచ్చింది.

అమ్ముకునే హక్కు ఇవ్వాలన్న ఆలోచననే నేను తప్పు పట్టడం లేదు. నలభై ఏళ్లుగా తామే దున్నుకుంటున్న కుటుంబానికి తన భూమి మీద పూర్తి హక్కు కావాలనిపించడం సహజం. జిరాయితీ రైతుకు ఉన్న స్వేచ్ఛ డి-పట్టా ఉన్న దళిత రైతుకు ఎందుకు ఉండకూడదు అని అడిగితే నా దగ్గర సమాధానం లేదు. నా అభ్యంతరం వరుస గురించి. ఇరవై ఏళ్లు లెక్కపెట్టేది పట్టా తారీకు నుంచి. అడంగల్లో పట్టాదారు పేరు ఉంటుంది, చెరువు ఇంకొకడిది. ఫ్రీహోల్డ్ జాబితాలో పేరు ఎక్కగానే ఆ ఇంకొకడు పాత అగ్రిమెంటు తీసి, "అప్పుడే సొమ్ము తీసుకున్నావు కదా, ఇప్పుడు వచ్చి సంతకం పెట్టు" అంటాడు. కొత్త ధర మాట రాదు. నిన్నటిదాకా చెల్లని కాగితం ఒక్క రోజులో చెల్లే దస్తావేజు అయిపోతుంది. రిజిస్ట్రేషన్ నిషేధించిన భూముల 22-ఎ జాబితా నుంచి తీసేసింది పేదవాడి కోసమని రికార్డులో ఉంటుంది, లాభం మాత్రం కొన్నవాడికి పోతుంది.

కాబట్టి ఏ గ్రామంలోనైనా ఫ్రీహోల్డ్ ఇచ్చే ముందు చేయాల్సిన పని ఒకటుంది. అడంగల్ గడి చూసి సరిపెట్టుకోకుండా, ప్రతి నంబరు దగ్గరికీ వెళ్లి, ఎవరు సాగు చేస్తున్నారో గ్రామసభలో చదివి వినిపించాలి. వేరేవాళ్ల చేతిలో ఉంటే ముందు నాలుగో సెక్షన్ కింద కేసు పెట్టాలి. భూమి తిరిగి వచ్చి, కుటుంబం కనీసం కొన్ని పంటలు పండించుకున్నాకే హక్కు మాట. ఇలా చేస్తే పని నెమ్మదిగా సాగుతుందని అధికారులు అంటారు. నిజమే. డెల్టాలో భూమి పేదల చేతిలోంచి పోయింది కూడా నెమ్మదిగానే.

పరిహారం విషయం కూడా ఇందులో కలుస్తుంది. 216 జాతీయ రహదారికో, కోటిపల్లి-నర్సాపురం రైలుమార్గానికో డి-పట్టా భూమి పోతే, ప్రైవేటు భూమికి ఇచ్చినంత పరిహారమే అసైనీకి (డి-పట్టాదారుకు) ఇవ్వాలని 2004లో మేకల పాండు కేసులో ఉమ్మడి హైకోర్టు విస్తృత ధర్మాసనం తేల్చింది. 2013 భూసేకరణ చట్టం భూయజమాని నిర్వచనంలోనే అసైన్డ్ భూముల్ని చేర్చింది. డబ్బు పట్టాదారు ఖాతాలో పడుతుంది. దానికి ముందే "సొమ్ములో సగం నాది" అని కొన్నవాడు రాయించుకున్న కాగితానికి చట్టంలో ఆధారం లేదు. పరిహారం ఖరారు చేసే అవార్డు విచారణ జరిగే రోజు పట్టాదారు స్వయంగా హాజరై, భూమి తన అనుభవంలో లేకపోతే ఎందుకు లేదో వాంగ్మూలంలో చెప్పాలి.

పునరుద్ధరణ ఉత్తర్వు చేతికి వచ్చినప్పుడు చివరి పేరా జాగ్రత్తగా చదవాలి. "భూమిని అర్జీదారులకు స్వాధీనపరచవలెను" అని మాత్రమే ఉంటే సరిపోదు. చెరువు నీరు ఎన్ని రోజుల్లో తీయాలి, ఏ మురుగు కాలువలోకి తీయాలి, చుట్టు గట్టు తెంచి మట్టి ఎవరు చదును చేయాలి, ఎవరి వాటా ఎక్కడో కొలిచి రాళ్లు ఎవరు పాతాలి, పాత బోదె నుంచి ఆ చేలకు నీరు ఎలా మళ్లించాలి అనేవి అందులో రాయమని అడగాలి. విచారణ జరుగుతుండగానే రాతపూర్వకంగా ఈ కోరికలు పెట్టకపోతే ఉత్తర్వులో రావు. అప్పీలులో కొత్తగా అడిగితే కింద అడగలేదంటారు.